చెప్పకపోయినా తెలియాలా?

ఈ స్మారకోపన్యాసాన్ని ఏటా జరిపిస్తున్నది కీర్తిశేషులైన ఒక పెద్దాయన మిత్రులే. వేదిక మీద దండ వేసిన ఫొటో ఉంది, పక్కన దీపం వెలుగుతోంది. తెలుగునాట ఇలాంటి సభలు ఎన్ని జరిగినా అన్నింట్లోనూ ఒకటి కనిపిస్తుంది. జీవితమంతా ఒకరినొకరు ‘ఒరేయ్’ అని తప్ప పిలుచుకోని మనుషులు మైకు ముందుకొచ్చి, గొంతు పూడుకుపోతున్నా ఆగకుండా, వాడంటే నాకు ప్రాణం అంటారు. నలభయ్యేళ్ల స్నేహంలో ఒక్కసారైనా ఎదురుగా అనని మాట అది. ఒక మగవాడు ఇంకో మగవాడి మీద ఉన్న ప్రేమను పదిమందిలో, మత్తు లేకుండా, పాట లేకుండా, మామూలు మాటల్లో చెప్పుకోవడానికి మన సంఘం ఇచ్చిన చోటు దాదాపు ఇదొక్కటే. వినవలసినవాడు అప్పటికి ఫొటోలో ఉంటాడు. నేను తీసుకున్న విషయం ఇక్కడే మొదలవుతుంది. మగవాళ్ల స్నేహానికి మన సినిమాలు, కథలు ఎక్కడా రాసిపెట్టకుండానే కొన్ని రూల్సు పెట్టాయి. అవేమిటి, వాటిలో మనల్ని నిలబెట్టినది ఏది, ఒంటరిని చేసినది ఏది?

రూల్సు అనగానే ముందు గుర్తొచ్చేవి పైపైవి. స్నేహితుడికి థాంక్స్ చెప్పకూడదు, సారీ చెప్పకూడదు. చెబితే ‘ఏంట్రా, నన్ను పరాయివాణ్ని చేస్తున్నావా’ అంటాడు. అప్పు ఇస్తే తేదీ అడగకూడదు. వాడు ప్రేమించిన అమ్మాయి వైపు చూడకూడదు. గొడవైతే తప్పెవరిదన్నది తర్వాత, ముందు వాడి పక్కన నిలబడాలి. పిలుపుల్లోనూ ఒక క్రమం ఉంది. ‘మీరు’ నుంచి ‘నువ్వు’కి, ‘నువ్వు’ నుంచి ‘రా’కి రావడం అంటే ఒక్కొక్క గడప దాటి లోపలికి రావడం. లోపలికొచ్చాక ఒకచోట ‘బావా’, ఒకచోట ‘దోస్తు’, ఇప్పుడు ఎక్కడ చూసినా ‘మామా’. రక్తసంబంధం లేనివాడికి పెళ్లిళ్ల వరస కలిపేస్తాం. ఆ వరసతో మేలమాడే హక్కు వస్తుంది, వంటింటిదాకా వచ్చే చొరవ వస్తుంది. అయినా ఆ వరస ఇవ్వని హక్కు ఒకటుంది. సాయంత్రం టీ కొట్టు దగ్గర ఒకడు ముభావంగా ఉంటాడు. ‘ఏంట్రా, డల్లుగా ఉన్నావ్?’ ‘ఏం లేదురా.’ ‘సరే, లైట్ తీస్కో మామా.’ ఇంకో టీ వస్తుంది, మాట క్రికెట్ మీదికి పోతుంది. ఈ మూడు ముక్కల్లోనే అసలు రూలు ఉంది. రెండోసారి అడగకూడదు, అడిగినా చెప్పకూడదు. నిజమైన స్నేహితుడైతే చెప్పకపోయినా తెలుసుకోవాలి. మిగిలినవన్నీ దీని కొమ్మలే. మగవాళ్ల స్నేహంలో త్యాగాన్ని ఆకాశానికెత్తిన మన జనరంజక కథలు అడగడాన్ని, చెప్పుకోవడాన్ని చిన్నతనం చేశాయన్నది నా వాదన. దానికి సాక్ష్యం ఆ కథల లోపలే ఉంది.

ఈ రూలుకు మూలపురుషుడెవరంటే అందరూ కుచేలుణ్ని చూపిస్తారు. పోతన భాగవతం దశమస్కంధంలోని ఆ కథ హరికథల్లో, బడి పాఠాల్లో, సినిమాల్లో విని విని మనకు నోటికొచ్చినదే. భార్య పోరితే చినిగిన ఉత్తరీయం కొంగున అటుకులు కట్టుకుని కుచేలుడు ద్వారకకు వెళ్తాడు. నోరు తెరిచి ఏమీ అడగకుండానే తిరిగొస్తాడు. వచ్చేసరికి గుడిసె ఉన్నచోట మేడ ఉంటుంది. స్నేహమంటే అదీ, అడక్కుండానే ఇచ్చాడని చెప్పుకుంటాం. కానీ మధ్యలో జరిగినది ఒకసారి దగ్గరగా చూడండి. కృష్ణుడు మిత్రుణ్ని దూరం నుంచే చూసి, పాన్పు దిగి ఎదురొచ్చి కౌగిలించుకుంటాడు. కాళ్లు కడుగుతాడు. రుక్మిణి వింజామర వీస్తుంది. ఆ తర్వాత చెయ్యి పట్టుకుని కూర్చోబెట్టి అడగడం మొదలుపెడతాడు. నీ ఇల్లాలు నీకు తగినదేనా అని అడుగుతాడు. సాందీపని గురుకులంలో కట్టెల కోసం అడవికి వెళ్లి వానలో, చీకట్లో దారి తప్పిన రోజు గుర్తుందా అని అడుగుతాడు. నాకేం తెచ్చావని అడుగుతాడు. సిగ్గుతో దాచుకున్న అటుకుల మూటను తానే చొరవగా అందుకుంటాడు. సర్వం తెలిసినవాడు ఇన్ని ప్రశ్నలు ఎందుకు వేసినట్టు? తన బతుకు సంగతి ఇతనికి కావాలి అని ఎదుటివాడికి తెలియాలి గనక. మనం ఆ కథలోంచి చివరి మేడను తెచ్చుకున్నాం, ప్రశ్నల్ని ద్వారకలోనే వదిలేశాం. చెప్పకుండా తెలుసుకోవడం దేవుడికి చెల్లింది. ఆ పనిని మామూలు మనిషి నెత్తిన పెట్టి, వాడికి చేతకాకపోతే ‘వాడేం స్నేహితుడు’ అంటున్నాం.

కర్ణ దుర్యోధనుల కథ ఇంకా లోతైనది. 1977లో ఎన్.టి.రామారావు తానే దర్శకత్వం వహించి కృష్ణుడు, దుర్యోధనుడు, కర్ణుడు మూడు పాత్రలూ వేసిన ‘దానవీరశూర కర్ణ’ తర్వాత తెలుగు ప్రేక్షకుడికి ఈ స్నేహం ముందు మరొకటి ఆనలేదు. నిండు సభలో పుట్టుక పేరెత్తి అవమానిస్తుంటే లేచి అంగరాజ్యం ఇచ్చినవాడు ఒకడు, వాడి కోసం ప్రాణమిచ్చినవాడు ఇంకొకడు. గొప్ప స్నేహమే. కానీ దాని నడిమధ్యలో ఒక మౌనం ఉంది. ఉద్యోగపర్వంలో కృష్ణుడు కర్ణుడికి అతని పుట్టుక చెప్పి, పాండవులు నీ తమ్ముళ్లేనంటాడు. దుర్యోధనుణ్ని విడిచి రానంటాడు కర్ణుడు. ఈ సంగతి ధర్మరాజుకు తెలియనివ్వవద్దని కూడా కోరతాడు. తన ప్రాణమిత్రుడికీ చెప్పలేదు. 1991లో మణిరత్నం ‘దళపతి’ తీసినప్పుడు ఈ మౌనం మీదే చెయ్యి వేశాడు. కలెక్టర్ అర్జున్ ఇందులో కర్ణుడైన సూర్యకు తమ్ముడవుతాడని దుర్యోధనుడైన దేవాకు తెలిసిపోతుంది. తెలిసి కూడా నా దగ్గరే ఎందుకున్నావని సూర్యను అడుగుతాడు. నువ్వు స్నేహితుడివి గనక అన్నదే జవాబు. ఆ ఒక్క ప్రశ్నతో, ఆ ఒక్క జవాబుతో దేవా మనసు మారిపోతుంది. ఈ కొట్లాటలు ఇక చాలని సూర్యను వెంటబెట్టుకుని అర్జున్ దగ్గరికి బయలుదేరతాడు. భారతంలో పద్దెనిమిది రోజులు నడిచిన యుద్ధాన్ని ఇక్కడ ఇద్దరు మిత్రుల మధ్య ఒక సంభాషణ ఆపేసింది. తర్వాత వేరే శత్రువు చేతిలో దేవా చనిపోవడం కథకు కావాల్సి వచ్చింది, అది వేరే సంగతి. స్నేహితులు నోరు విప్పితే కథే మారిపోతుందని ఇంత తేటగా చూపించిన సినిమా నాకు ఇంకొకటి తోచదు. తమిళం నుంచి డబ్బింగై వచ్చిన ఆ సినిమాను మనవాళ్లు సొంతం చేసుకున్నారు. అందులోని ఈ పాఠాన్ని మాత్రం మన కథకులు పట్టించుకోలేదు.

పట్టించుకోనప్పుడు ఏం జరుగుతుందో 2022 నాటి ‘ఆర్ఆర్ఆర్’లో చూడొచ్చు. చరిత్రలో ఎన్నడూ కలుసుకోని అల్లూరి సీతారామరాజును, కొమురం భీమ్‌ను కలిపిన ఊహ అది. వంతెన కింద మంటల్లో చిక్కుకున్న ఒక కుర్రాడి కోసం ఇద్దరు అపరిచితులు దూరం నుంచి సైగలు చేసుకుని, గాలిలో చెయ్యీ చెయ్యీ పట్టుకుంటారు. ఒక్క మాట లేకుండా పుట్టిన స్నేహం. ‘నాటు నాటు’ పాట చివరి నిమిషం మరీ బాగుంటుంది. అందరూ అలసి కూలబడ్డాక మైదానంలో ఈ ఇద్దరే మిగులుతారు. భీమ్ గెలవాలని అతను ఇష్టపడ్డ జెన్నీ ఆశగా చూస్తోంది. రామ్ అది కనిపెడతాడు. కాలు పట్టేసినట్టు నటించి కావాలని పడిపోతాడు. గెలిచింది తనేనని భీమ్ మురిసిపోతాడు. 2023లో ఆ పాటకు ఆస్కార్ వచ్చినప్పుడు లోకమంతా ఆ స్టెప్పుల గురించి మాట్లాడింది. మన స్నేహశాస్త్రం అంతా ఆ పడిపోవడంలో ఉందని నాకనిపిస్తుంది. ఇవ్వాలి, ఇచ్చినట్టు తెలియకూడదు. చూడముచ్చటైన సూత్రం. కానీ అదే సూత్రం రెండో సగంలో ఇద్దరినీ చీల్చేస్తుంది. పాము కాటు తిన్న రామ్‌కు వైద్యం చేస్తూ భీమ్ తనెవరో చెప్పేస్తాడు. రామ్ మాత్రం తన గుండెలో ఉన్నది చెప్పడు. పోలీసు దుస్తుల్లో వచ్చి పట్టుకుంటాడు, జనం మధ్య కొరడాతో కొడతాడు. రామ్ అసలు దేనికోసం ఇదంతా భరిస్తున్నాడో చివరికి భీమ్‌కు తెలిసేది రామ్ ప్రేమించిన సీత నోట. ‘మహర్షి’ (2019)లోనూ అంతే. రిషి మీదికి రాబోయిన ప్రశ్నపత్రం దొంగతనం నింద తన మీద వేసుకుని చదువు పోగొట్టుకున్న రవి ఆ ముక్క ఏనాడూ చెప్పడు. రిషి పెద్ద కంపెనీకి అధిపతి అయ్యాక మూడో మనిషి అయిన మాస్టారి వల్ల తెలుస్తుంది. ‘షోలే’ (1975)లో జై ఎగరేసే నాణేనికి రెండువైపులా ఒకే బొమ్మ ఉందని, ప్రతిసారీ అతను ముందే నిర్ణయించుకున్నాడని వీరూకు తెలిసేటప్పటికి జై లేడు. ఒకరికొకరు చెప్పుకోవలసిన మాట ప్రతిసారీ పక్క నుంచి రావాలి: ఒకచోట ప్రేమించిన మనిషి, ఒకచోట మాస్టారు, ఒకచోట అరచేతిలోని నాణెం. చెప్పకూడదన్న రూలు అంత గట్టిది గనకే కథకుడికి ఈ మధ్యవర్తి అవసరమవుతున్నాడు.

ఈ మౌనానికి మూల్యం ఎవరు చెల్లిస్తున్నారో కూడా చూడాలి. తెర మీద స్నేహం కులం అడగదు, డబ్బు చూడదు అంటారు. చూడకపోవచ్చు, కానీ లెక్క తేలేవేళకు నష్టం లేనివాడి వైపే ఎక్కువగా పడుతుంది. హృషీకేశ్ ముఖర్జీ ‘నమక్ హరామ్’ (1973)లో ఫ్యాక్టరీ యజమాని కొడుకైన మిత్రుడికి జరిగిన అవమానం తీర్చడానికి సోమూ కార్మికుడి వేషంలో వెళ్తాడు, అక్కడి బతుకులు చూసి కార్మికుల మనిషవుతాడు. ప్రాణం పోయింది సోమూకే. ‘గమ్యం’ (2008)లో డబ్బున్న అభిరామ్‌కు దారిలో తోడైన బైకుల దొంగ గాలి శీను చనిపోతాడు, అభిరామ్ మంచి మనిషిగా మిగులుతాడు. గాలి శీను పాత్ర, ‘మహర్షి’లో రవి పాత్ర రెండూ చేసింది అల్లరి నరేశే. కామెడీ హీరోగా పేరున్న నటుడు ఆ రెండుచోట్లా జనాన్ని ఏడిపించాడంటే ఆ పాత్రల్లో ఎంత బలముందో తెలుస్తుంది. కానీ మామూలు సినిమాల్లో మనవాళ్లు ‘ఫ్రెండ్ క్యారెక్టర్’ అనే మనిషి సంగతి వేరు. హీరో ప్రేమకు రాయబారం నడిపి, హీరో బదులు తన్నులు తిని, క్లైమాక్స్‌కు ముందు హీరో కోపానికి కారణంగా కన్నుమూసే అతనికి ఇల్లెక్కడో, తల్లిదండ్రులెవరో, అతను ఎవరినైనా ప్రేమించాడో లేదో తెలియదు. హీరో అడగడు, అందుకే మనకూ తెలియదు.

మాట వద్దన్నచోట మాట మారువేషంలో వస్తుంది. ఒక వేషం పాట. ‘జంజీర్’ తెలుగు రూపం ‘నిప్పులాంటి మనిషి’ (1974)లో షేర్ ఖాన్‌గా సత్యనారాయణ వచనంలో అనలేనిదంతా పాటలో అంటాడు. పాట అయ్యాక మళ్లీ మామూలే. ఇంకో వేషం తిట్టు. ‘షోలే’లో వీరూ కోసం పెళ్లి సంబంధం మాట్లాడటానికి వెళ్లిన జై మెచ్చుకుంటున్నట్టే మొదలుపెట్టి మిత్రుడి జూదం, తాగుడు అన్నీ బయటపెడతాడు. హాలంతా నవ్వుతుంది, ఆ నవ్వులో ఎంత చనువుందో అందరికీ అర్థమవుతుంది. మూడో వేషం మందు. తరుణ్ భాస్కర్ ‘ఈ నగరానికి ఏమైంది’ (2018)లో ప్రేమలో దెబ్బతిన్న వివేక్ చిరాకును మిగతా ముగ్గురూ భరిస్తారు, ఏడిపిస్తారు, తాగిన మత్తులో అందరూ గోవాలో తేలతారు. ఆ నలుగురి మాటల్లో కుర్రాళ్లు తమ సొంత గొంతు విన్నారు. అందుకే 2023లో మళ్లీ విడుదల చేస్తే థియేటర్లకు ఎగబడ్డారు. నేను ఆ సినిమాను ఇష్టంగానే తలుస్తున్నాను. కష్టాన్ని నవ్వులో మోయడం కూడా ఒక మోతే. కానీ మందు దగ్గర ఇంకో రాయని రూలు ఉందని అందరికీ తెలుసు: రాత్రి చెప్పుకున్నది పొద్దున ఎత్తకూడదు. గుండె విప్పినవాడే పొద్దున లేచి ‘రాత్రి ఏదో వాగాను, పట్టించుకోకు’ అంటాడు. తెరిచిన తలుపు తెల్లారేసరికి మూసుకుంటుంది.

సినిమా సినిమాయే, బతుకు బతుకే కదా అనేవాళ్లు ఉంటారు. సినిమా వల్ల మగవాళ్లు మూగబోయారని నేననడం లేదు. మనలో ముందే ఉన్న అలవాటుకు అది పతకం తగిలించి మనకే తిరిగి ఇచ్చింది, అంతవరకే. ఇక బతుకు సంగతి. జాతీయ నేర రికార్డుల బ్యూరో లెక్క ప్రకారం 2022లో దేశంలో ఆత్మహత్య చేసుకున్నవారు 1,70,924 మంది. వారిలో మగవాళ్లు 1,22,724. అంటే పదిమందిలో ఏడుగురికి పైనే. ఆడా మగా అందరినీ కలిపి చూస్తే కుటుంబ సమస్యల వల్ల 31.7 శాతం, అనారోగ్యం వల్ల 18.4 శాతం మంది పోయారు. అడిగే స్నేహితుడు లేకే వీళ్లంతా పోయారని ఈ అంకెలు చెప్పవు, నేనూ చెప్పను. ఒక్కో చావు వెనుక ఒక్కో చిక్కుముడి. కానీ ఇంట్లో గొడవ, ఒంట్లో జబ్బు: టీ కొట్టు దగ్గర ‘ఏం లేదురా’ చాటున నక్కి ఉండేవి సరిగ్గా ఈ రెండే. ఆ సంగతి తలుచుకుంటే ‘లైట్ తీస్కో’ అన్న మాట నాకు తేలిగ్గా వినపడదు.

రెండో అభ్యంతరం మరింత బరువైనది. మాటలెందుకు, చేతలు చాలవా? అర్ధరాత్రి ఫోన్ వస్తే బండి తీసే మనిషి, ఆసుపత్రి వరండాలో మూడు రాత్రులు పడుకునే మనిషి, బ్యాంకు కాగితం మీద చదవకుండా హామీ సంతకం పెట్టే మనిషి మన దేశంలో ఇంకా ఉన్నాడు. ఆ స్నేహం విలువను నేను ఒక్క పిసరు తగ్గించను. అయితే చేతలకు ఒక పరిమితి ఉంది. కళ్లకు కనబడ్డ ఆపదకే చెయ్యి లేస్తుంది. యాక్సిడెంట్ అయితే రక్తమిస్తాం, ఎందుకంటే రక్తం కారడం కనిపిస్తుంది. ఆరు నెలలుగా నిద్రపట్టనివాడి ఒంటి మీద ఏ గాయమూ ఉండదు. అక్కడ చెయ్యి చాచాలంటే ముందు నోరు తెరవాలి. ఇక అడగడం, చెప్పుకోవడం అన్నీ పడమటి నుంచి దిగుమతైన కౌన్సెలింగ్ భాష అనేవాళ్లకు పల్నాటి వీరుల కథ చూపిస్తాను. బాలచంద్రుడి వెంట నడిచిన సోదరసమానుల్లో బ్రాహ్మణుడైన అనపోతరాజు ఉన్నాడు. అతను యుద్ధంలో చావకూడదని, మరచిపోయిన వస్తువు తెమ్మన్న నెపంతో బాలచంద్రుడు అతణ్ని వెనక్కి పంపుతాడు. తనను తప్పించారని తెలిసిన అనపోతరాజు అక్కడే ప్రాణం తీసుకుంటాడు. వీరవిద్యావంతులు ఈ ఘట్టాన్ని తరతరాలుగా పాడుతున్నారు. ప్రేమతోనే అబద్ధమాడాడు, బతికించాలనే అడగకుండా నిర్ణయించాడు; ఎవరిని దక్కించుకోవాలనుకున్నాడో అతనే దక్కలేదు. మిత్రుడి మేలు అతన్ని అడగకుండా మనమే తేల్చేస్తే ఏమవుతుందో ఈ నేల మీది కథే చెప్పింది. పడమటి పుస్తకాలు తిరగేయనక్కర్లేదు.

గుచ్చిగుచ్చి అడిగితే ఎదుటివాడి పరువు పోదా అని ఇంకో మాట. పోతుంది, నిజమే. అప్పుల్లో ఉన్నవాణ్ని పదిమందిలో అడగడం, పెళ్లాంతో పడనివాణ్ని ఆరా తీయడం స్నేహం కాదు, అది వీధి అరుగు మీది పని. కృష్ణుడు కూడా నీ పేదరికం సంగతేమిటని అడగలేదు. గురుకులం గుర్తుచేశాడు, ఇల్లాలి గురించి అడిగాడు, ఏం తెచ్చావన్నాడు. అడగడంలో ఒక నేర్పుంది, ఆ నేర్పు మనకు కొత్తదేమీ కాదు. మన అమ్మలు, అక్కచెల్లెళ్లు పెరటి గోడ దగ్గర కూర తరుగుతూనో, జడ వేస్తూనో ఒకరి కష్టం ఒకరు రాబట్టుకుంటారు. వాళ్ల స్నేహాల మీద మనం సినిమాలు పెద్దగా తీయలేదు. తీసి ఉంటే మగ పాత్రలు నేర్చుకోవడానికి కాస్త సామగ్రి దొరికేది. నేను మన రచయితలను కోరేది కూడా పెద్దదేమీ కాదు. మిత్రుడి కోసం చచ్చిపోయే సీనును అలాగే ఉంచండి. దానికి ముందు ఎక్కడో ఒకచోట, ‘ఏం లేదురా’ అన్న జవాబు దగ్గర కట్ చెప్పకుండా కెమెరాను ఇంకో నిమిషం తిరగనివ్వండి. పక్కవాడు కదలకుండా అక్కడే కూర్చుని ఉండటం జనాన్ని చూడనివ్వండి.

అలాంటి నిమిషం ఒకటి ఈ మధ్యే మలయాళం నుంచి డబ్బింగై వచ్చి మన థియేటర్లలో ఆడింది. ‘మంజుమ్మెల్ బాయ్స్’ (2024). 2006లో కొడైకెనాల్ గుణ గుహల్లో నిజంగా జరిగిన ఘటన దానికి ఆధారం. విహారానికి వచ్చిన మిత్రబృందంలో ఒకడు గుహలోని ఇరుకు గోతిలోకి జారిపోతాడు. అందులో పడినవాళ్లెవరూ బయటికి రాలేదని అక్కడివాళ్లు చెబుతారు. పోలీసులు కొడతారు. వాన మొదలై నీళ్లు గోతిలోకి పారుతుంటే ఆ కుర్రాళ్లు తమ ఒళ్లే అడ్డం వేసి నేల మీద పడుకుంటారు. చివరికి ఒకడు నడుముకు తాడు కట్టుకుని దిగుతాడు. ఆ దిగడం గురించే అందరూ మాట్లాడుకున్నారు. నాకు అంతకన్నా దాని ముందుది కళ్లలో ఉండిపోయింది. అంచు దగ్గర బోర్లా పడుకుని ఆ చీకట్లోకి వాడి పేరు పెట్టి పిలుస్తారు. జవాబు లేదు. వాడు పోయాడు పదండి అని చుట్టూ ఉన్నవాళ్లు అంటుంటే మళ్లీ పిలుస్తారు. గొంతులు పోయేదాకా, ఒకరి తర్వాత ఒకరు, అదే పేరు. చాలాసేపటికి కింద నుంచి సన్నగా ఒక మూలుగు వినపడుతుంది.